కాలాన్ని నెమ్మది చేసే పుట్టగొడుగు: కథ ఎందుకు నిలబడటం లేదు?

కొండవాగు
కథ మళ్ళీ తిరిగొచ్చింది. ఈసారి సంపాదకులు దయతలచి కారణం కూడా రాశారు: పుట్టగొడుగుకు కాలంతో పనేమిటో అర్థం కాలేదట. ఒళ్ళు మండింది. దెయ్యానికి చింతచెట్టుతో పనేమిటని ఎవరైనా అడుగుతారా?

కథ ఇదీ. తూర్పు కనుమల్లో సర్వే పనికి వెళ్ళిన కుర్రవాడు వానకు జడిసి ఒక గుహలో దూరతాడు. లోపల నీలంగా వెలిగే పుట్టగొడుగులు. అవి కాలప్రవాహాన్ని పసిగడతాయి, తమ చుట్టూ దాన్ని నెమ్మది చేస్తాయి. సాయంత్రం ఆరింటికి పడుకుని పొద్దున్న ఆరింటికి లేచి ఊళ్ళోకి వెళ్తే అరవై ఏళ్ళు గడిచిపోయి ఉంటాయి. పెళ్ళాడవలసిన మరదలు అరుగు మీద మునిమనవడికి అన్నం తినిపిస్తూ ఉంటుంది. చదివిన మిత్రులకు కళ్ళు చెమర్చాయి. ఎక్కడ తేడా కొడుతోందో మొహమాటపడకుండా చెప్పండి.

వేపచిగురు
మొహమాటపడొద్దన్నారు కాబట్టి చెబుతున్నాను. ఇది రేవతి కథ. కకుద్మి మహారాజు కూతురికి వరుణ్ణి అడుగుదామని బ్రహ్మలోకం వెళ్తాడు. అక్కడ పాటకచేరి జరుగుతుంటే అయ్యేదాకా కాసేపు ఆగుతాడు. ఈలోగా కింద ఇరవై ఏడు మహాయుగాలు అయిపోతాయి. భాగవతం నవమ స్కంధంలో ఉంది. మీరు బ్రహ్మదేవుణ్ణి తీసేసి అక్కడ పుట్టగొడుగును నాటారు, అంతే.

ఉప్పుచేప
పైగా రేవతి మరీ పొడుగైపోయిందని బలరాముడు నాగలి పెట్టి ఆమె ఎత్తు తగ్గించాడు. కొండవాగు గారి కథలో ఆ పాటి వినోదం కూడా లేదు.

కొండవాగు
గుహలో నిద్రపోయి యుగాలు దాటించిన ముచుకుందుడు కూడా ఉన్నాడు, ఆయన్నీ కలపండి. పాత కథ అయితే ఏమైంది? ఉన్న కథలన్నీ పాతవే. నా ప్రశ్న పుట్టగొడుగు గురించి.

అర్ధరాత్రి_పాఠకుడు
కాలం నిజంగా నెమ్మదించనక్కరలేదు, వాడికి అలా అనిపిస్తే చాలు. సైలోసిబిన్ అనే మత్తు పదార్థం ఉన్న పుట్టగొడుగులు చేసేది అదే. 2007లో ఒక పరిశోధన వచ్చింది. ఆ మందు తీసుకున్నవాళ్ళకు కాసేపు ఒక శబ్దం వినిపించి, అంతే సేపు మీట నొక్కిపట్టమంటే రెండు మూడు క్షణాలు దాటిన ప్రతిదానికీ లెక్క తప్పింది. మీ వాడు గుహలో అలాంటిదే తిన్నాడనండి. గొడవ వదిలిపోతుంది.

వేపచిగురు
గొడవతోపాటు కథ కూడా వదిలిపోతుంది. చివర "అంతా భ్రమ" అన్నారంటే పత్రిక విసిరికొడతాను.

నిర్వాహకుడు
చర్చలో ఎవరూ అడవిలో దొరికిన పుట్టగొడుగును "రుచి చూసి చెబుతాను" అనకండి. కొత్త సభ్యులకు ప్రత్యేకించి చెబుతున్నాను.

బూజుశాస్త్రి
నిర్వాహకుడు గారు చెప్పినదానికి ఒక మాట కలుపుతాను. కాలంతో ఆడుకునే పుట్టగొడుగు నిజంగానే ఉంది, దాని పేరు అమనిటా ఫాలాయిడిస్. తిన్న తరువాత ఆరు నుంచి ఇరవై నాలుగు గంటల దాకా ఏమీ తెలియదు. తరువాత వాంతులు, విరేచనాలు. ఆ తరువాత తగ్గిపోయినట్టే ఉంటుంది, మనిషి లేచి మజ్జిగన్నం తింటాడు. మూడో రోజుకో నాలుగో రోజుకో కాలేయం పాడైపోతుంది. ఆ మధ్యలో బాగున్నట్టు ఉండే రోజే నన్ను భయపెడుతుంది.

ఇక అసలు సంగతి. "పసిగడుతుంది" అన్న సగానికి కల్పన అక్కరలేదు. న్యూరోస్పోరా అని నారింజ రంగు బూజు ఒకటుంది. 1843లో ప్యారిస్ బేకరీల్లో రొట్టెలను పాడుచేసి పేరు తెచ్చుకుంది. కాలిన చెరకు మోళ్ళ మీద కూడా పడుతుంది. దీన్ని పొడుగాటి గాజు గొట్టంలో ఒక చివర నాటి, పూర్తి చీకట్లో వదిలేస్తారు. రెండో చివరకు పాకుతూ పోతుంది. కొంత దూరం పలచగా, ఆపైన ఒత్తుగా నారింజ పట్టీ, మళ్ళీ పలచన, మళ్ళీ పట్టీ. పట్టీకీ పట్టీకీ మధ్య సుమారు ఇరవై రెండున్నర గంటలు. పొద్దు లేదు, గాలి మార్పు లేదు, అయినా గొట్టం మీద స్కేలు పెట్టి రోజులు లెక్కపెట్టవచ్చు.

దీనికి ఒక జన్యువు ఉంది, పేరు ఫ్రీక్వెన్సీ. అది తయారుచేసే ప్రొటీన్ తిరిగొచ్చి ఆ జన్యువు పనినే అణిచేస్తుంది. ప్రొటీన్ మెల్లగా విరిగిపోతుంది, అణచివేత సడలుతుంది, మళ్ళీ మొదలు. ఈ చుట్టు తిరగడానికి పట్టే సమయమే దాని "రోజు". జన్యువులో చిన్న మార్పు వస్తే కొన్ని రకాల్లో రోజు 16 గంటలకు కుదించుకుపోతుంది, కొన్నింటిలో 29 గంటలకు సాగుతుంది. 1983లో కొలంబియా వ్యోమనౌకలో అంతరిక్షానికి కూడా పంపారు. భూమి తిరుగుడుకు దూరంగా తీసుకెళ్ళినా లయ పూర్తిగా పోలేదు.

ఉప్పుచేప
16 గంటల రోజున్న బూజుకు జీతం నెలకు ఒకటిన్నర రావాలి.

చెదపుట్ట
బూజు సంగతి పక్కన పెట్టండి, మన పుట్టగొడుగులేం తక్కువ? తొలకరిలో ఉరుము ఉరిమితే తెల్లారేసరికి పుట్ట మీద గొడుగులు. మా అమ్మమ్మ ఉరుము వినగానే గంప తీసి గుమ్మం పక్కన పెట్టుకునేది. అది కాలాన్ని పసిగట్టడం కాదా?

బూజుశాస్త్రి
చెదపుట్ట గారూ, అది వానను పసిగట్టడం. మీ పేరుకు తగ్గట్టు ఆ పుట్టగొడుగును పెంచేది చెదపురుగులే. పుట్ట లోపల మడి వేసి సాగుచేస్తాయి, కోట్ల ఏళ్ళుగా. ఉరుము మాట మాత్రం కొట్టిపారేయలేను. జపాన్‌లోనూ అదే నమ్మకం ఉంది. ఇవాటే విశ్వవిద్యాలయంవాళ్ళు దుంగలకు క్షణంలో వెయ్యో వంతు కూడా లేని విద్యుత్ దెబ్బలు కొట్టి చూస్తే వాటి మీద పెంచే షిటాకే పుట్టగొడుగుల దిగుబడి బాగా పెరిగింది.

కాలాన్ని వాడుకునే శిలీంధ్రం కావాలంటే చీమలను పట్టే ఒఫియోకార్డిసెప్స్. థాయిలాండ్ అడవుల్లో చూసినదాని ప్రకారం, దానికి చిక్కిన చీమ నేలకు ఒక పాతిక సెంటీమీటర్ల ఎత్తున ఆకు ఈనెను కరిచిపట్టుకుంటుంది. చీమలన్నీ ఇంచుమించు మిట్టమధ్యాహ్నమే కరుస్తాయి, పొద్దు గుంకేసరికి చస్తాయి. బ్రెజిల్‌లో నియోనోథోపానస్ గార్డ్‌నరి అని పచ్చగా మెరిసే పుట్టగొడుగు ఉంది. దాని వెలుగు కూడా లోపలి గడియారం చెప్పిన వేళకే పెరిగి తగ్గుతుందని 2015లో చూపించారు. రాత్రి పురుగులను పిలిచి విత్తులు మోయించుకోవడానికి. గుర్తుంచుకోండి కొండవాగు గారూ, ప్రతిదానికీ ఒక అవసరం ఉంది. మీ గుహలోవాటికి ఏ అవసరం?

కొండవాగు
వాటికి అవసరం ఎందుకండీ, మిస్టరీగా ఉండనివ్వండి. ఆ నీలం వెలుగు కూడా అందుకే పెట్టాను.

లెక్కలమాష్టారు
అవసరం తరువాత చూద్దాం, ముందు మీ కుర్రవాడు బతికి బయటికి వస్తాడా? లెక్క వేశాను, రాడు.

పన్నెండు గంటల్లో అరవై ఏళ్ళంటే లోపలి కాలం బయటికంటే దాదాపు 43,800 రెట్లు నెమ్మది. బయట ప్రతి వస్తువూ, గోడ, చెట్టు, మబ్బు, అన్నీ కంటికి కనిపించని వేడి కిరణాలు చిమ్ముతూ ఉంటాయి. ఆ కిరణం ఒక అల, అది సెకనుకు ఇన్నిసార్లు ఊగుతుంది. లోపల సెకను సాగిపోయింది కాబట్టి లోపలున్నవాడికి అదే అల 43,800 రెట్లు వేగంగా ఊగుతుంది. ఫలితం ఏమిటంటే, బయటి ఉష్ణోగ్రత కెల్విన్లలో ఎంతో దాన్ని అన్ని రెట్లు చేసినట్టే. బయట 27 డిగ్రీలంటే 300 కెల్విన్లు. గుణిస్తే కోటీ ముప్పై లక్షలు. సూర్యుడి నడిగర్భం కోటిన్నర. మీ నాయకుడు మరదలి గురించి ఆలోచించే లోపే ఆవిరి.

ఉప్పుచేప
సంపాదకులకు కనిపించని లోపం ఇది. మాష్టారి దగ్గర చదువుకున్న పిల్లలు ఎంత ఏడ్చి ఉంటారో.

అర్ధరాత్రి_పాఠకుడు
అంతా భ్రమ అనమని అందుకే చెప్పాను. పైగా కాలం నెమ్మదించాలంటే గురుత్వం కావాలి. భూమి అంత బరువున్నదే తన ఉపరితలం మీద గడియారాన్ని నెమ్మది చేసేది వందకోట్లలో ఒక వంతుకన్నా తక్కువ. మీ పుట్టగొడుగు ఎంత బరువు?

లెక్కలమాష్టారు
ఆ ఒక్కటి రచయితకు వదిలేద్దాం. కథలో ఒక అబద్ధం ఉచితం, మిగతావి దానికి వడ్డీ కట్టాలి. కాలం నెమ్మదించింది, సరే. కట్టవలసిన వడ్డీ ఆ వేడి.

వేపచిగురు
అయితే అబద్ధాన్ని చిన్నది చేస్తే? అరవై ఏళ్ళు ఎందుకు, రోజుకు ఓ గంట తేడా పెట్టండి. ఎవరూ గమనించనంత. ఒక్కసారిగా అరవై ఏళ్ళు పోతే వాడికి విధి అనిపిస్తుంది, ఏడ్చి ఊరుకుంటాడు. రోజూ కాస్త కాస్త పోతూ ఉంటే ఇల్లంతా ఒకరినొకరు అనుమానిస్తారు. నాకైతే అది చదవాలని ఉంది.

కొండవాగు
రోజుకు గంటతో కళ్ళు చెమర్చవండీ.

బూజుశాస్త్రి
ఆగండి ఆగండి. వేపచిగురు గారి గంటను కాస్త సాగదీసి గంటన్నర చేయండి.

బూజు లోపలి రోజు ఇరవై రెండున్నర గంటలు, లోకం రోజు ఇరవై నాలుగు. ఆ తేడాను మామూలుగా పొద్దుటి వెలుతురు సరిదిద్దుతుంది, వెలుగు తగలగానే గడియారం మళ్ళీ సరైన చోటికి వస్తుంది. మరి వెలుగు ఎన్నడూ తగలని శిలీంధ్రం ఉంటే? పెంటకుప్ప అడుగున, చీకట్లో. దాని బీజాలు సరిగ్గా తెల్లవారుజామునే, మంచు ఆరక ముందే ఎగరాలి. తన గడియారాన్ని దిద్దుకునే దారి లేదు. కాబట్టి తన చుట్టూ కాలాన్నే నెమ్మది చేస్తుంది, బయట ఇరవై నాలుగు గడిస్తే లోపల ఇరవై రెండున్నరే గడిచేలా. లోకం రోజు దాని రోజుతో కలిసిపోతుంది.

సంపాదకులు అడిగిన "పనేమిటి"కి ఇదీ జవాబు.

లెక్కలమాష్టారు
భేష్. ఇరవై రెండున్నర బై ఇరవై నాలుగు అంటే పదిహేను బై పదహారు. బయట పదహారేళ్ళు, లోపల పదిహేను. వేడి లెక్క: బయట 27 డిగ్రీలుంటే లోపల 47.

ఉప్పుచేప
రెంటచింతల మే నెల. మనవాళ్ళకు అలవాటే, కథానాయకుడు గొడుగు పట్టుకుపోతాడు.

బూజుశాస్త్రి
47 డిగ్రీలు కూడా మనకు కలిసొచ్చేదే. మామూలు బూజులు ఆ వేడికి మాడిపోతాయి కానీ, కంపోస్టు కుప్పల్లో 45, 50 డిగ్రీల దగ్గర హాయిగా పెరిగే థెర్మోమైసెస్ లాంటివి ఉన్నాయి. పోటీ పడేవాళ్ళందరినీ వెళ్ళగొట్టి వెచ్చటి చోటు తానే ఏలుకుంటుంది. మనకు రెండో అవసరం కూడా దొరికింది.

అర్ధరాత్రి_పాఠకుడు
ఊరికే వేడి ఎలా వస్తుంది? శక్తి నిత్యత్వం అనేది ఒకటి ఏడ్చింది కదా.

లెక్కలమాష్టారు
లోపలికి పడుతూ కాంతి సంపాదించినదంతా బయటికి వెళ్ళేటప్పుడు ఇచ్చుకోవలసిందే. మొత్తం మీద లాభం లేదు. లోపల కూర్చున్నవాడికి మాత్రం వెచ్చగా ఉంటుంది. వడ్డీలో అది చెల్లు.

గోదారిగట్టు
మొదటినుంచి చదువుతూ వచ్చాను. గుహ తీసేయండి, లంబసింగి పెట్టండి. చలికాలం మూడు డిగ్రీలకు పడిపోయే ఊరు. పశువులశాల వెనక పెంటకుప్ప, అందులో ఈ శిలీంధ్రం. మాష్టారూ, బయట మూడు ఉంటే లోపల ఎంత?

లెక్కలమాష్టారు
ఇరవై ఒకటికి పైమాటే.

గోదారిగట్టు
చూశారా? ఊరంతా నెగడు చుట్టూ వణుకుతుంటే ఒక ముసలావిడ శాలలో దుప్పటి లేకుండా నిద్రపోతుంది. అక్కడ వెచ్చగా ఉంటుంది కాబట్టే వెళ్తుంది. మత్తు లేదు, మాయ లేదు, వెచ్చదనం కోసం కాలాన్ని ఇచ్చేస్తోంది, ఇస్తున్నట్టు ఆమెకు తెలియదు.

వేపచిగురు
ఆమెకొక గడియారం ఇవ్వండి. భర్త పెట్టుకున్న పాత హెచ్.ఎం.టి. చేతిగడియారం, కీ ఇచ్చేది. తలగడ కింద పెట్టుకుని పడుకుంటుంది. ఎనిమిది గంటల నిద్రకు అరగంట తక్కువ చూపిస్తుంది కదా? రోజూ పొద్దున్నే రేడియో వార్తలు అయిపోయాక ఆవిడ వార్తలు పెడుతుంది. నర్సీపట్నంలో గడియారాలు బాగుచేసే అతనికి ఇస్తే వారం ఉంచుకుని చూస్తాడు, అక్కడ నిమిషం తేడా రాదు. తిరిగి తెచ్చుకుంటే మళ్ళీ అరగంట. డబ్బు తిన్నాడని ఆవిడ, చేయి తిప్పుతూ పాడుచేస్తోందని అతను. ఇద్దరూ నిజాయితీపరులే.

కొండవాగు
మొబైల్ ఫోను ఉంటే తెలిసిపోదా?

వేపచిగురు
సిగ్నల్ అందగానే ఫోను టైము తానే దిద్దుకుంటుంది, ఎవరికీ తెలియదు. అందుకే పాత గడియారం కావాలి. అది అబద్ధమాడదు.

తంబూర_తీగ
ఇక్కడికి నేను ఎప్పుడూ రాను కానీ, పదహారు బై పదిహేను చూసి ఆగలేకపోయాను. అది షడ్జమానికీ శుద్ధ రిషభానికీ మధ్య నిష్పత్తి. కాలం అంత నెమ్మదిస్తే శాల లోపల పాడిన పాట బయటికి సరిగ్గా ఒక మెట్టు దిగి వినిపిస్తుంది. ఆవిడ ఒకటిన్నర శ్రుతిలో పాడితే గుమ్మం బయట నిలబడ్డవాళ్ళకు ఒకటి. లోపల ఆమె రిషభం మీద నిలిస్తే, ఆమె షడ్జమం విని ఉన్న చెవికి బయట అది షడ్జమం. కోడలికి హార్మోనియం వచ్చని రాయండి. "అత్తయ్యా, శాలలో పాడితే మీ శ్రుతి దిగుతోంది" అంటుంది. వయసు మీద పడిందని ఆవిడ నొచ్చుకుంటుంది. నిజానికి ఆవిడకు వయసు మీద పడటం తగ్గింది.

ఉప్పుచేప
తంబూర గారూ, ఇక రోజూ రండి.

లెక్కలమాష్టారు
రంగులు కూడా. బయటి నుంచి శాలలోకి చూస్తే అన్నీ ఎరుపు వైపు ఒక అడుగు జరుగుతాయి. పచ్చగడ్డి మోపు లోపల పడేస్తే పండుగడ్డిలా కనిపిస్తుంది. పట్టుకుని బయటికి తెస్తే మళ్ళీ పచ్చన.

చెదపుట్ట
కట్టేసిన ఆవులో? రాత్రంతా లోపలే ఉంటాయి కదా.

లెక్కలమాష్టారు
పన్నెండు గంటలకు ముప్పావు గంట పోతుంది. చూడి తొమ్మిది నెలల చిల్లర. మొత్తం మీద ఆవు ఇంచుమించు తొమ్మిది రోజులు ఆలస్యంగా ఈనుతుంది.

చెదపుట్ట
పశువుల డాక్టరు తేదీ తప్పు రాశాడని తగువు. బాగుంది. మా ఊళ్ళో అయితే ఆవును అమ్మినవాడి ఇంటికి కూడా వెళ్ళి దులిపేస్తారు.

ఉప్పుచేప
ముసలావిడ తల బయట, కాళ్ళు లోపల పెట్టి పడుకుంటే? కొన్నేళ్ళకు కాళ్ళు తలకన్నా చిన్నవి అవుతాయి. ఇంట్లో ఆశీర్వాదాలకు ఎవరి కాళ్ళకు ఎవరు దండం పెట్టాలో తేలదు.

కొండవాగు
నవ్వించారు కానీ, ఒక్క రాత్రులు మాత్రమే పడుకుంటే ఆవిడకు మిగిలేది ఎంత? నలభై ఎనిమిదేళ్ళకు ఒక ఏడాది. ఇంత చిన్న తేడాతో కథ ఎక్కడ బిగుస్తుంది? నాకు మరదలు ముసలిదైన దృశ్యం కావాలి. ఆ బరువు ఇందులో లేదు.

గోదారిగట్టు
రాత్రులే ఎందుకు? శాలలోనే పుట్టి, శాలలోనే పని చేసి, అక్కడే పెరిగిన పాలేరు ఒకడు ఉన్నాడనండి. ఊరి లెక్కలో అరవై నాలుగు వచ్చేసరికి వాడి ఒంటికి అరవై. కవల తమ్ముడు ఊళ్ళో ఉంటాడు. తమ్ముడికి అరవై నిండితే షష్టిపూర్తి చేస్తారు, అప్పటికి అన్నకు యాభై ఆరున్నర కూడా నిండవు. పక్కపక్కన పీటల మీద కూర్చోబెట్టండి. మీ మరదలు దృశ్యం అక్కడుంది.

వేపచిగురు
గోదారిగట్టు గారూ, వేసవిలో శాలలో యాభై డిగ్రీల్లో ఎవడు పెరుగుతాడు? మాష్టారి వడ్డీ మరిచిపోయారు. ముసలావిడే నయం, చలికాలం మాత్రమే.

గోదారిగట్టు
వేసవిలో బయట చెట్టు కింద ఉంటాడు. లెక్క కాస్త తగ్గుతుంది, పీటలు పీటలే.

వేపచిగురు
తగ్గడం కాదు, సగం పోతుంది. కవలలు వద్దండీ, అందరూ కవలలనే పెడతారు.

అర్ధరాత్రి_పాఠకుడు
ఇంతకీ శిలీంధ్రాన్ని ఎవరు కనుక్కుంటారు? విశ్వవిద్యాలయం నుంచి శాస్త్రవేత్త వచ్చి రెండు పేజీలు పాఠం చెప్పడం మాత్రం వద్దు.

బూజుశాస్త్రి
ఎవరూ కనుక్కోనక్కరలేదు. కుప్ప తవ్వేటప్పుడు గునపానికి నారింజ పట్టీలు కనిపిస్తాయి, సమాన దూరంలో, చెట్టు బోదెలో వలయాల్లాగా. పనివాడు బూజు అనుకుని దులిపేస్తాడు. చదివేవాడికి తెలిస్తే చాలు.

చెదపుట్ట
కుప్ప తవ్వడమంటే గుర్తొచ్చింది. పెంటకుప్ప ఏళ్ళ తరబడి అలాగే ఉండదు కదండీ. తొలకరికి ముందు బండ్ల మీద పొలానికి తోలి చల్లేస్తారు. అప్పుడు ఆ బూజు పొలమంతా పాకుతుంది. ఒరెగాన్ అడవుల్లో ఒకే శిలీంధ్రం తొమ్మిది చదరపు కిలోమీటర్లకు పైగా అల్లుకుని ఉందని ఎక్కడో చదివాను.

బూజుశాస్త్రి
నిజమే, ఆర్మిలేరియా. వయసు వేల ఏళ్ళలో ఉంటుందని అంచనా.

లెక్కలమాష్టారు
నూట ఇరవై రోజుల వరి నూట ఇరవై ఎనిమిది రోజులకు కోతకొస్తుంది. పక్క గట్టు వాడిది ముందే పండుతుంది.

చెదపుట్ట
విత్తనాలు నాసిరకమని కొట్టువాడి మీద పడతారు. ఎనిమిది రోజులు ఆలస్యమైతే కోతమిషను పక్క ఊరికి వెళ్ళిపోతుంది, తుఫాను రోజులు దగ్గరపడతాయి. కొండవాగు గారూ, బరువు కావాలన్నారు, పొలం మీద నిలబడ్డ పంటకన్నా బరువేముంది?

కొండవాగు
ముసలావిడను, గడియారం అతన్ని, హార్మోనియం కోడలిని తీసుకుంటున్నాను. కవలలు వద్దు. పొలం సంగతి ఆలోచించాలి, అది వస్తే కథ కాస్తా నవల అయ్యేలా ఉంది. నీలం వెలుగు మాత్రం ఉంచుతాను.

బూజుశాస్త్రి
చీకటి కుప్ప అడుగున వెలుగు ఎవరి కోసమండీ?

కొండవాగు
నా కోసం.

లెక్కలమాష్టారు
ఉంచుకోండి. కానీ బయటివాళ్ళకు అది పచ్చ వైపు జరిగి కనిపిస్తుంది, ఆ సంగతి రాయడం మరవకండి.